ఎదురింటి మీద మోపిన వాసన

బెంగళూరు కాడుగోడిలో మా అపార్ట్‌మెంట్ మూడో అంతస్తులో, మా ఎదురింట్లోకి ఒక నల్లజాతి అమ్మాయి అద్దెకు వచ్చింది. దగ్గర్లోని కాలేజీలో చదువుకునేది. అందరం ‘ఆఫ్రికా అమ్మాయి’ అనేవాళ్లం. ఏ దేశమని అడగాలని నాకెప్పుడూ తోచలేదు. లిఫ్టులో ఆమె నవ్వితే నేను ఫోను చూసుకునేదాన్ని.

రెండో నెలలో అసోసియేషన్ మీటింగ్ జరిగింది. ప్రెసిడెంటు తాతల నాటి నుంచి బెంగళూరులో ఉంటున్న తెలుగాయన.

“మూడో ఫ్లోర్‌లో ఒకటే నీచువాసన. ఆ ఆఫ్రికా పాప ఏం వండుతుందో ఏమో, మెట్ల మీద నిలబడేకి కాకుండా ఉండాది” అన్నాడు.

అంతకుముందు ఆదివారం మా అమ్మ పంపిన ఎండుచేపలు వండి, పొగ పోవడానికి వీధి తలుపు తీసిపెట్టింది నేను. చెబుదామని నోరు తెరిచాను కూడా. ఇంతలో ఒకావిడ “వాళ్లు ఏదైనా తింటారట” అంది. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

ఆమె ఇంటి ఓనరుకు ఇంగ్లీషులో ఫిర్యాదు ఎవరు రాస్తారంటే అంతా నావైపు చూశారు. అక్కడే కూర్చుని మెయిల్ రాశాను. ‘భరించలేని దుర్వాసన’ అన్న మాట ఎవరో చెప్పింది కాదు, నాదే. నెలాఖరుకల్లా ఖాళీ చేయమని ఓనరు ఆమెకు చెప్పేశాడు.

వెళ్లే రోజు పొద్దున ఆమె మా తలుపు తట్టి, ఓనరుకు ఇమ్మని తాళంచెవి చేతిలో పెట్టింది.

“ఆంటీ, మీరు ఎండుచేపలు వండినప్పుడల్లా మా ఇల్లు గుర్తొచ్చేది. ఘనాలో మా అమ్మమ్మ కూడా వండుతుంది” అంది ఇంగ్లీషులో.

“మరి ఓనరుకు చెప్పలేదా?”

“నేను వండలేదని చెప్పాను. నమ్మలేదు.”

“మా ఇంట్లో వండారని?”

“అది మీరే చెబుతారనుకున్నాను.”

సూట్‌కేసు ఈడ్చుకుంటూ లిఫ్టు ఎక్కింది.

తర్వాతి మీటింగ్‌లో లేచి, ఆ వాసన మా ఇంటిదని చెప్పాను. తిడతారనుకున్నాను. ప్రెసిడెంటు పకపకా నవ్వాడు.

“అయ్యో, మీదేనామ్మా? ముందే చెప్పింటే అయిపోతా ఉండె కదా! ఎండుచేపలు మా ఇంట్లోనూ చేస్తారు.”

ఓనరుకు మళ్లీ రాద్దాం, ఆ అమ్మాయిని పిలిపిద్దాం అన్నాను.

“పోయినామె పోయింది, ఇడ్సిపెట్టమ్మా” అన్నాడు.

ఇంటికొచ్చి ఓనరుకు నేనే రాశాను. ఇల్లు అప్పటికే వేరేవాళ్లకు ఇచ్చేశానన్నాడు. ఆ అమ్మాయి నంబరు అడిగితే, తీసేశానన్నాడు.