నాలుగు కొత్తవి, రెండు పాతవి

జనవరిలో ఉదయం తొమ్మిదింటికి సరిహద్దు పోస్టు చేరాం. పన్నెండు వేల అడుగుల ఎత్తు. మైనస్ పద్దెనిమిది. ఒక బంకర్, ఎనిమిది మంది, ఒక ఫోను. వారానికి మనిషికి అయిదు నిమిషాలు.

నేను హవల్దార్‌ని. సామాను గది తాళం నా దగ్గర. రేడియో ఆపరేటర్‌ది తిరుమలగిరి పక్కన మా ఊరే. మా దొరల గడి ముందు అతని తాత చెప్పులు చేతబట్టుకుని నడిచేవాడు. గడి కూలింది, భూములు పోయాయి. నా మెడ మాత్రం వంగలేదు.

అతను గిటారు, ఇటుకంత యాంప్లిఫయర్ మోసుకొచ్చాడు. దానికి ఆరు పెన్సిల్ సెల్లులు కావాలి.

"దొరా, జర ఆరు కొత్తయి ఇయ్యున్రి. అమ్మకు చెవులు పోతున్నయి. ఇంకో నెలయితే ఇనపడదని దవాఖానల చెప్పిన్రు. ఆదివారం ఫోన్ల పాట వినిపిస్త."

పాలమూరు వంటవాడు పకపకా నవ్వాడు. "గడి లేని దొరకు తాళంచెవే గడి!"

నాకు ఒళ్లు మండింది. నాలుగు కొత్తవి, టార్చిలోంచి తీసిన రెండు పాతవి ఇచ్చాను. అన్నీ కొత్తవేనన్నాను. నాలుగూ కలిసి ఆ రెండింటినీ మోస్తాయనుకున్నాను. మోయవు. పాతవి కొత్తవాటినీ ముంచుతాయి.

ఆదివారం పదకొండు గంటలు. ఫోను యాంప్లిఫయర్ ముందు పెట్టి వాయించాడు. పల్లవి దాటగానే శబ్దం బొంగురుపోయింది. ఎర్రదీపం మసకబారింది. వైరు మార్చాడు. వాల్యూమ్ తగ్గించాడు. స్ప్రింగులను రబ్బరుతో రుద్దాడు. సెల్లులను చంకలో పెట్టి వెచ్చబరిచాడు.

"సెల్లులే ఖరాబేమో సూడు," అన్నాడు వంటవాడు.

"సాబ్ ఇచ్చినయిరా. కొత్తయే."

నా జేబులో టార్చి కోసం పెట్టుకున్న ఆరు కొత్తవి ఉన్నాయి. తీస్తే అబద్ధం బయటపడుతుంది. తీయలేదు. అయిదు నిమిషాలు అయిపోయాయి.

మర్నాటి నుంచి మంచు తుఫాను. ఏడు వారాలు ఫోను లేదు.

మేలో సెలవు మీద ఇద్దరం భువనగిరిలో రైలు దిగాం. నేరుగా అతని ఇంటికే వెళ్లాను. చెప్పులు బయట విడిచాను.

"ఆ రెండు పాతయి నేనే కలిపిన."

"తెలుసు సాబ్. ఆ దినమే ఫోను అయినంక మీటరు పెట్టి చూసిన." ఒక్కసారైనా దొరా అనలేదు. తిట్టినా బాగుండేది.

శత్రువును చూశారా అని మీరు అడుగుతుంటారు. చూశాను. రోజూ గడ్డం గీసుకునేటప్పుడు చూస్తాను.

ఆ రోజు ఆరు కొత్త సెల్లులు నా చేత్తోనే వేశాను. అతను వాయించాడు. శబ్దం గల్లీ చివరిదాకా వెళ్లింది. పక్కనే కూర్చున్న తల్లికి వినపడలేదు. ఆమె యాంప్లిఫయర్ జాలీకి అరచెయ్యి ఆనించి, ఆ అదురు ఆగేదాకా తీయలేదు.