ఫిన్లాండ్ ఆవు సినిమా

గల్ఫ్‌లో పనిచేసే రోజుల్లో, బర్కా లేబర్ క్యాంపులో మాకు శుక్రవారమంటే సినిమా. రూవి బజారు నుంచి ఎవరో ఒకరు హిందీ క్యాసెట్ తెచ్చేవారు. ఎంత బాగుండేవో ఆ శుక్రవారాలు! మా రూమ్‌లో ఉండే కరీంనగర్ కాకా మాత్రం ఆ నెలంతా దిగాలుగా ఉన్నాడు. ఊళ్లో భార్య మంచం పట్టింది. రెండేళ్లు నిండందే ఛుట్టీ లేదని ఆఫీసువాళ్లు తెగేసి చెప్పారు.

ఆ వారం తెచ్చిన క్యాసెట్ వీసీఆర్‌లో ఇరుక్కుని టేపంతా నలిగిపోయింది. మేం ఉసూరుమంటుంటే మా ఫోర్‌మన్ తన గదిలోంచి ఇంకోటి తెచ్చాడు. ఆయనది ఫిన్లాండ్. నవ్వగా చూసినవాళ్లు లేరు. ఈ మనిషి ఏం సినిమా చూపిస్తాడులే అని గొణుక్కున్నాను.

అది వాళ్ల దేశపు పాతకాలం నాటి చిన్న హాస్యచిత్రం. ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు. అయినా కథ తెలిసిపోయింది. పల్లెటూళ్లో భార్య పొరుగూరు వెళ్తుంది. భర్త పాలు పితకబోతే ఆవు తంతుంది. బకెట్టు ఒకవైపు, ఆయన ఒకవైపు. చివరికి భార్య గౌను తొడుక్కుని, తలకు ఆమె రుమాలు కట్టుకుని వస్తే గానీ ఆవు కదలకుండా పాలివ్వదు.

కాకా పడీ పడీ నవ్వాడు. "మా ఇంటిది పుట్టింటికి వోతే నేను గూడ గిట్లనే జేసిన! దాని చీర గట్టుకుంటెనే మా బర్రె పాలు చేపేది" అంటూ లేచి, లుంగీని కొంగులా కప్పుకుని, గొంతుక్కూర్చుని పాలు పిండినట్టు చూపించాడు. నేను వచ్చీరాని ఇంగ్లీషులో చెబితే, ఫోర్‌మన్ కళ్లు తుడుచుకుంటూ నవ్వాడు.

"మరి ఇప్పుడెవరు పిండుతున్నారు?" అని అడిగాడాయన.

కాకా కొంగు తీసేశాడు. "ఎవ్వలు లేరని జెప్పు. అది లేవలేకుంటున్నది. బర్రెను అమ్మిన్రు."

ఛుట్టీ సంగతి కూడా నేనే చెప్పాను. ఫోర్‌మన్ టీవీ ఆపేశాడు. మర్నాడు డ్యూటీకి వెళ్లకుండా కాకాను వెంటబెట్టుకుని ఆఫీసుకు పోయి కూర్చున్నాడు. ఏం పోట్లాడాడో తెలియదు కానీ, కంపెనీ దగ్గరున్న పాస్‌పోర్టు కాకా చేతిలో పెట్టించి ఊరికి పంపాడు. ఆ రోజు నుంచి ఆయనంటే నాకు ప్రాణం.

రెండు నెలలకు కాకా గుండుతో తిరిగొచ్చాడు. ఫోర్‌మన్ మా రూమ్‌కు వచ్చి, కాకా పక్కన కూర్చున్నాడు.

"సార్‌కు జెప్పు" అన్నాడు కాకా. "నేను వోయేసరికి ఇంకా నన్ను గుర్తువడుతుండె. నా చేతితోని గంజి తాగింది. 'నువ్వొచ్చినవ్ గద' అన్నది."