మామ్మగారి ఐర్లండ్ టేపులు

నా చిన్నప్పుడు మా ఇంట్లో అందరికంటే ఎక్కువ తిట్లు తిన్నది నేనూ కాదు, మా తమ్ముడూ కాదు, ఒక వీడియో ప్లేయర్. అది మాది కూడా కాదు, మేం అద్దెకున్న ఇంటి ఓనరమ్మది.

అప్పటికి మేం గుంటూరు నుంచి అమెరికా వచ్చి ఎంతో కాలం కాలేదు. బోస్టన్ పక్కన ఒక పాత చెక్క ఇంట్లో పై అంతస్తు మాది. కింద ఆవిడ ఒక్కతే ఉండేది. ఐర్లండ్‌లో పుట్టి, పెళ్లి చేసుకుని ఇక్కడికొచ్చి, భర్త పోయాక ఆ ఇంటినీ వాకిట్లో గులాబీ మొక్కల్నీ చూసుకుంటూ కాలం గడుపుతున్న మనిషి. పెద్దావిడని పేరు పెట్టి పిలవకూడదని మా అమ్మ నాకు ‘మామ్మగారూ’ అనడం నేర్పింది. వాళ్ల దేశంలో అమ్మని ‘మామ్’ అంటారట. అందుకని ఆ పిలుపు ఆవిడకి వినగానే నచ్చేసింది. స్కూలు నుంచి రాగానే నేను కింద ఆవిడ దగ్గరే ఉండేదాన్ని. మా అమ్మ పనిచేసే షాపు మూసేదాకా నన్ను చూసుకున్నది ఆవిడే.

మామ్మగారికి ఒక్కతే కూతురు. చదువుకోడానికని ఐర్లండ్ వెళ్లి, తిరిగి రాకుండా అక్కడే టీవీలో ఉద్యోగంలో చేరింది. ఒక కార్యక్రమం అయిపోయి ఇంకోటి మొదలయ్యే మధ్యలో తెరమీద కనిపించి, నవ్వుతూ, తర్వాత ఏం రాబోతోందో చెప్పే ఉద్యోగం. బోస్టన్‌లో బ్యాంకు ఉద్యోగం సిద్ధంగా ఉంటే కాదని వెళ్లిందని మామ్మగారికి కోపం. “ఆ రెండు నిమిషాలు నీ మొహం ఎవరు చూస్తారు? అందరూ టీ పెట్టుకోడానికి లేస్తారు” అని ఫోన్‌లో అనేసిందట. ఆ మాట తర్వాత కూతురు ఆదివారం ఆదివారం ఫోన్ చేసేది గానీ ఉద్యోగం సంగతి ఎత్తేది కాదు. ఆవిడా అడిగేది కాదు. గుండె జబ్బు వల్ల డాక్టరు విమానం ఎక్కొద్దన్నాడు కాబట్టి వెళ్లి చూసే దారి కూడా లేదు.

అయినా కూతుర్ని టీవీలో చూడాలని ఆవిడకి ప్రాణం కొట్టుకుపోయేది. ఆ సంగతి నాకు తెలుసు, ఎందుకంటే చెప్పుకోడానికి ఆ ఇంట్లో నేను తప్ప ఎవరూ లేరు. చివరికి ఆవిడ తన తమ్ముడికి రాసింది. ఆయన ఐర్లండ్‌లో పల్లెటూరి రైతు, కొత్తగా వీడియో కొనుక్కున్నాడు. ‘మన ఊరి టీవీ చూసి ఎన్నేళ్లయిందో, సాయంత్రాలు కాస్త రికార్డ్ చేసి పంపుతావా’ అని మాత్రమే రాసింది. కూతురి మాట రాయలేదు.

ఆ తమ్ముడు ఏడాది పొడుగునా రికార్డ్ చేశాడు. ఏడాది తిరిగాక ఒక పెద్ద అట్టపెట్టె నిండా క్యాసెట్లు వచ్చాయి. మామ్మగారు ఆ పెట్టెని సోఫాలో తన పక్కన పెట్టుకుని మమ్మల్నందర్నీ కిందికి పిలిచింది. మొదటి టేపు పెట్టాం. తెరమీద నల్లగీతలు కిందనుంచి పైకి పరుగెత్తాయి. మనుషులు నిలువునా చీలిపోయి, గొంతులు పిచ్చుకల అరుపుల్లా వినిపించాయి. రెండో టేపు పెట్టినా అంతే. అమెరికా టీవీలది ఒక పద్ధతి, ఐర్లండ్‌దీ మన ఇండియాదీ ఇంకో పద్ధతి అనీ, అక్కడి టేపు ఇక్కడి ప్లేయర్‌లో ఆడదనీ అప్పటికి మాలో ఎవరికీ తెలియదు.

మా నాన్న ఇంజినీరు. తనకి రానిది ఉందని ఒప్పుకోవడం ఆయనకి చేతకాదు. “టేపు చదివే హెడ్ కొంచెం అడ్జస్ట్ చేస్తే చాలు, హాఫ్ యాన్ అవర్ పని” అని ఆ ప్లేయర్‌ని పైకి తెచ్చి వంటింటి నేలమీద విప్పారు. ఆ అరగంట చలికాలమంతా సాగింది. మేం స్క్రూల మీద అడుగు పడకుండా గోడవారగా నడిచి అన్నాలు తినేవాళ్లం. చివరికి ఆ యంత్రం అమెరికా టేపుల్ని కూడా ఆడటం మానేసింది.

“మీకు రాదని ఆవిడతో చెప్పేస్తే ఏం పోతుందండీ?” అని మా అమ్మ అడిగింది.

“వస్తుంది. ఎందుకు రాదూ?” అని నాన్న స్క్రూడ్రైవర్ విసిరేశారు. అది స్టవ్వు కిందికి దొర్లిపోయింది. అందరం నేలకి బోర్లా పడుకుని వెతికాం.

మామ్మగారు ఒక్కసారి కూడా తొందరపెట్టలేదు. రోజూ సాయంత్రం నన్ను మాత్రం అడిగేది, మీ నాన్న ఇవాళ ఏమన్నాడని. రోజూ నేను, ‘రేపటికి అయిపోతుందట’ అనే చెప్పాల్సి వచ్చేది. ఆ మాట చెప్పీ చెప్పీ నాకే సిగ్గేసి, మెట్లు చప్పుడు కాకుండా ఎక్కడం అలవాటు చేసుకున్నాను.

ఎండలు వచ్చాక దారి దొరికింది. కువైట్‌లో పనిచేసి వచ్చిన ఒక తెలుగు అంకుల్ కారులో రెండు గంటల దూరాన హార్ట్‌ఫర్డ్‌లో ఉన్నారనీ, ఆయన దగ్గర అన్ని దేశాల టేపులూ ఆడే టీవీ, ప్లేయరూ ఉన్నాయనీ ఎవరో చెప్పారు. నాన్న సగం విప్పిన ప్లేయర్‌ని ఒక సంచిలో పోసి, మామ్మగారికి కొత్తది కొనిచ్చి, ఆ శనివారం అందర్నీ కారెక్కించారు. మామ్మగారు చర్చికి వెళ్లేప్పుడు వేసుకునే నీలం కోటు వేసుకుంది. దారి పొడుగునా క్యాసెట్ల పెట్టె ఆవిడ ఒళ్లోనే ఉంది.

“ఇండియా టేపులన్నీ దీంట్లోనే చూస్తాం. ఐర్లండ్ ఏమన్నా తక్కువ తిన్నదా? పెట్టండి!” అన్నారు అంకుల్.

బొమ్మ వచ్చింది. నిలకడగా, రంగుల్లో, శుభ్రంగా వచ్చింది. మా నాన్న గట్టిగా ఊపిరి వదిలారు. ఆవుల పోటీల గురించి ఒక కార్యక్రమం. మామ్మగారు ముందుకు వంగి కూర్చుంది. ఆవులైపోయాయి. పేర్లు పడ్డాయి. ఇప్పుడు వస్తుంది అని ఆవిడ నా చెయ్యి పట్టుకుంది. తెర ఒక్కసారి దడదడలాడి, క్విజ్ పోటీ మొదలైంది. మధ్యలో ఏమీ లేదు. క్విజ్ అయింది, మళ్లీ తెర దడదడలాడి చర్చి ప్రార్థన మొదలైంది. నాన్న టేపుని ముందుకి పరిగెత్తించారు, వెనక్కి తెచ్చారు, ఇంకో టేపు పెట్టారు. ఎక్కడ చూసినా ఇంతే. ఒకచోట మాత్రం ఒక ఆకుపచ్చ కోటు భుజం, పక్కకి దువ్విన ఎర్రజుట్టు, మాట్లాడబోతూ తెరుచుకున్న పెదవులు. అంతలోనే ఆటల పోటీ.

అప్పుడు మాకు అర్థమైంది. ఆ తమ్ముడు పొదుపరి. టేపు వృథా కాకూడదని ఏడాది పొడుగునా ప్రతి సాయంత్రమూ ప్లేయర్ ముందు కూర్చుని, కార్యక్రమం అవగానే బటన్ నొక్కి ఆపి, మళ్లీ కార్యక్రమం మొదలవగానే నొక్కాడు. ప్రకటనలతో పాటు మధ్యలో వచ్చి మాట్లాడే అమ్మాయిని కూడా ఎంతో జాగ్రత్తగా ఏరి పారేశాడు. ఆ అమ్మాయి సొంత మేనకోడలే అయినా, అక్కతో ఫోన్‌లో ఎప్పుడంటే అప్పుడు మాట్లాడే పిల్లని టేపులో ఎవరు చూస్తారనుకున్నాడు కాబోలు.

అంకుల్ వాళ్లావిడ పెట్టిన పులిహోర ఎవరికీ సహించలేదు. తిరుగుదారిలో నాకైతే ఏడుపు ఆగలేదు. చలికాలమంతా మెట్ల మీద నేను చెప్పిన అబద్ధపు ‘రేపు’లన్నీ ఒక భుజం కోసమేనా అనిపించింది. ఆ తమ్ముడి మీద అరవాలనిపించింది.

మర్నాడు ఆవిడ వంటింట్లో నేను బఠాణీలు వలుస్తుంటే, మామ్మగారు తమ్ముడికి ఫోన్ చేసింది. ఇప్పుడు కడిగేస్తుందని నేను చెవులు రిక్కించాను. ఆవిడ ఆవుల గురించి మాట్లాడింది. మచ్చల ఆవుకి మొదటి బహుమతి రావడం న్యాయమేనంది. క్విజ్‌లో ఒక మాస్టారు తెలిసిన జవాబు తప్పు చెప్పాడని నవ్వింది. ఏడాదంతా తన కోసం కూర్చున్నందుకు చాలా థాంక్స్ అని, అతని మోకాలి నొప్పి ఎలా ఉందని అడిగి పెట్టేసింది.

పెట్టేశాక ఒక గిన్నె తీసి సింకులో ఎంత గట్టిగా పడేసిందంటే నేను ఉలిక్కిపడ్డాను.

“కోపం వచ్చింది కదా! మరి ఎందుకు చెప్పలేదు మామ్మగారూ?” అన్నాను. అప్పుడామె ఇంగ్లీషులో చెప్పింది నాకు తెలుగులోనే గుర్తుండిపోయింది.

“వచ్చింది. కానీ వాడు నేను అడిగింది చేశాడు. టీవీ చూడాలని ఉందన్నాను. పిల్లని చూడాలని ఉందని అనలేదు. నా నోటితో నేను అనని మాట వాడెక్కడినుంచి వింటాడు?”

బఠాణీల గిన్నె పక్కకి జరిపి మళ్లీ ఫోన్ అందుకుంది. ఆదివారం కాబట్టి కూతురు ఎలాగూ చేసేదే, అయినా అంతసేపు ఆగలేకపోయింది. “నిన్ను టీవీలో చూడాలని ఉంది. అప్పుడన్న మాట తప్పు” అంది. అవతలినుంచి కూతురు నాకు వినిపించకుండా ఏదో అంది. మామ్మగారు వింటూ వింటూ గోడకి ఆనుకుంది.

ఆ పెట్టె మా ఇంటికి చేరేనాటికే కూతురు తెరమీది ఉద్యోగం మానేసిందట. ఇప్పుడు ఆఫీసులో కూర్చుని ఏ కార్యక్రమం ఎప్పుడు వెయ్యాలో చూస్తోందట. జీతం ఎక్కువేనట. ఆమె కనిపించింది ఆ ఒక్క ఏడాదే. ఆ మధ్య నిమిషాల్ని టీవీ వాళ్లు దాచి ఉంచరట. ఆ ఏడాది మొత్తం మా దగ్గర ఉంది, ఆమె తప్ప. “ముందే అడిగితే నేనే పంపేదాన్ని కదా, మామ్” అని కూతురు ఏడ్చిందని మామ్మగారు మా అమ్మకి చెప్పడం విన్నాను.

మా నాన్న ఆ తర్వాత కొన్ని శనివారాలు ఒక్కరే హార్ట్‌ఫర్డ్ వెళ్లి, బటన్ మీద మామ్మగారి తమ్ముడి వేలు ఆలస్యమైన చోట్లన్నీ వెతికారు. దొరికినవన్నీ కలిపితే ఒక దగ్గు దగ్గినంత సేపు కూడా రాలేదు. ఆ ముక్కలు చాలని మామ్మగారు అంది గానీ, చాలలేదని అందరికీ తెలుసు. ఆ వేసవిలో కూతురు వచ్చి కొన్నాళ్లు ఉండి వెళ్లింది. వాళ్లిద్దరూ వాకిట్లో కూర్చుని గంటలు గంటలు మాట్లాడుకునేవాళ్లు. అయినా టీవీలో కూతుర్ని చూసుకోలేదన్న వెలితి ఆవిడ మాటల్లో చివరిదాకా వినిపించేది.

ఇప్పుడు నాకూ మనవలు వచ్చారు. నేను జార్జియాలో కమ్మింగ్‌లో, వాళ్లు డాలస్‌లో. మా అమ్మాయి ప్రతి ఆదివారం వీడియో కాల్ చేసి, మనవరాలి చేత పియానో వాయింపిస్తుంది, మనవడి చేత తెలుగు పద్యం చెప్పిస్తుంది. అవి అవగానే, “ఇంక నీ పని నువ్వు చేసుకో అమ్మా, నిన్ను విసిగించడమెందుకు” అని కట్ చేస్తుంది. తను నా కోసమే అంత శ్రమపడుతోందని తెలిసీ, ఫోన్ పెట్టాక ఎన్నో ఆదివారాలు గిన్నెల మీద నా కోపం చూపించాను. మంచిమాట చెప్పి ఊరుకోవడం నాకు తొందరగానే వచ్చింది. కావలసింది నోరు తెరిచి అడగడానికే ఇన్నేళ్లు పట్టింది.

పోయిన వారం పియానో అయ్యాక, చాలా బాగుందని చెప్పి, “ఫోన్ ఆ డైనింగ్ టేబుల్ మీద అలా పెట్టేసి మీ పనులు మీరు చేసుకోండే. వాళ్లు అన్నాలు తినడం, కొట్టుకోవడం నాకు చూడాలని ఉంది” అన్నాను.

“అది బోర్ కదమ్మా?” అంది మా అమ్మాయి. అని, అలాగే పెట్టి వెళ్లింది.