అందరి చావుకూ ఏడ్చిన గొంతు

పోయిన నెల ఒక మంగళవారం మడకశిరలో మా పెద్దమామ పోయాడు. పేపరు విలేకరికి ఫోన్ చేస్తే, "సినిమాల్లో ఏం వేషాలు వేసినాడన్నా?" అని అడిగాడు. ఏం చెప్పను? హీరో చేతిలో తన్నులు తిన్నవి, పేడలో పడ్డవి. మన యాస వినబడితే సినిమావాళ్లకు నరికేవాడైనా కావాలి, నవ్వించేవాడైనా కావాలి. మామ నవ్వించాడు.

ఒకసారి షూటింగు విరామంలో, కరువు ఏట ఎద్దులను సంతకు తోలేస్తుంటే వాళ్లమ్మ, అంటే మా అవ్వ తీసిన ఏడుపు రాగాన్ని తమాషాగా అనుకరించాడట. ఒక్కరూ నవ్వలేదు. సంగీత దర్శకుడు మాత్రం స్టూడియోకు పిలిపించి, ఒక చావు పాట మొదట్లో ఆ రాగం పాడించుకున్నాడు. తెర మీద గాయకుడి పేరు పడింది. మామది పడలేదు. సినిమా ఆడలేదు గానీ, పాట మా ఊరి వైకుంఠరథం ఎక్కింది. ఊళ్లో ఎవరు పోయినా అదే పాట.

మా నవ్వూ ఏడుపూ వాడుకుని, పేర్లు వేసే చోట మమ్మల్ని మరిచిపోయే పరిశ్రమ ఇది. "కేసు వేద్దాం మామా" అని కలిసినప్పుడల్లా పోట్లాడేవాణ్ని.

"ఎవురి మింద ఏస్తావప్పా? ఆ రాగం మాయమ్మది. ముందు ఆయమ్మ నా మింద ఏయల్ల కేసు."

రథం వీధిలో పోతుంటే వాకిట్లో నిలబడి, "ఈ పొద్దు గూడా డ్యూటీ పడిండాది నాకు" అనేవాడు. మేం పడీ పడీ నవ్వేవాళ్లం.

తన వంతుకూ ఆ బండే వచ్చింది. డ్రైవరు అలవాటు కొద్దీ పాట పెట్టాడు. లోపల మామ కదలకుండా పడుకుని ఉన్నాడు, పైన మైకులో ఏడుస్తున్నాడు. నా వల్ల కాలేదు. "ఆపప్పా" అని అరిచాను.

అత్త నా చెయ్యి పట్టుకుంది. "ఉండనీలే అల్లుడా. మీ మామను మీ మామే సాగనంపుకుంటాండాడు."

కర్మంతరం అయ్యాక, ఇప్పుడైనా ఆయన పేరు సాధిస్తానని, కోర్టుకు పోతానని అత్తతో అన్నాను. ఆమె పొయ్యి దగ్గర బియ్యం కడుగుతూ అడిగింది.

"కేసు ఏస్తే బండిలో ఆ పాట తీసేస్తారా?"

ముప్పై ఏళ్లుగా మా ప్రాంతం కోసం వేదికలెక్కి వాదించినవాణ్ని. తెచ్చిన కేసు కాగితాలు మడిచి జేబులో పెట్టుకున్నాను.

అంతలో బజారు వైపు నుంచి రథం వస్తున్న చప్పుడు. ఎవరో పోయారు. అత్త పొయ్యి ఆర్పి, తడి చేతులు కొంగుకు తుడుచుకుని, మామ నిలబడే చోటికే వెళ్లి నిలబడింది. బండి మలుపు తిరిగింది. రాగం సన్నబడింది. ఆమె ఇంకా తలుపుకు ఆనుకుని, అటువైపే చెవి పెట్టి ఉంది.