ముందు గదిలో మగ్గం గుంత

ధర్మవరంలో మా ఇంటి ముందు గదికి బండలు పరవడానికి వచ్చిన మేస్త్రి ఈ ఉదయం గుంత దగ్గర నిలబడి, "పూడ్చేదా అక్కా, ఇట్లే పెట్టేదా?" అని అడిగాడు. టీ తెస్తానని లోపలికి వచ్చేశాను. నాయన పోయి ఇంకా సంవత్సరం నిండలేదు.

ఆ గుంతలో కాళ్ళు పెట్టుకుని కూర్చుని నాయన పట్టుచీరలు నేసేవాడు. పక్కన అమ్మ రాట్నంతో పట్టుదారాన్ని కండెలకు చుట్టేది. ఇద్దరూ పెద్దగా మాట్లాడుకునేవాళ్ళు కాదు. మగ్గం చప్పుడు ఆగితే మాత్రం అమ్మ తలెత్తి చూసేది. ఆమె పోయాక నాయన మగ్గం విప్పేశాడు. మా ఇంట్లో మగ్గం తీసేస్తే గుంతను తెరిచి ఉంచరు, పూడ్చినదాన్ని మళ్ళీ తవ్వరు. అమ్మ రాట్నాన్ని అందులో దించి, మన్ను పోసి, పైన బండలు పరిచాడు. ఆ తర్వాత ఆ గదిలోకి పోవడమే మానేశాడు. ఖాళీగానే ఉంది కదా అని పెదనాయన కొడుకు సామాన్లు పెట్టుకున్నాడు. కొన్నాళ్ళకు తాళం వేసుకున్నాడు. చివరికి గది మొదటినుంచీ తన తండ్రిదేననీ, అక్కడ మగ్గమనేదే లేదనీ అన్నాడు. మేం కోర్టుకు పోయాం. కేసు నడిచినన్నాళ్ళూ నాయన నన్ను గుంత మాట ఎత్తనివ్వలేదు. మగ్గం ఉండేదనడానికి ఆధారం లేదని కింది కోర్టులో ఓడిపోయాం. గెలిచినవాడు గది పగలగొట్టి అంగడి కడతానన్నాడు. "వాడు తవ్వితే రాట్నం చెత్తలోకి పోతుంది పాపా. మనమే తవ్విద్దాం" అన్నాడు నాయన.

అప్పీలు హిందూపురంలో. రైల్లో పెనుకొండ దాటాక ఎదుటి ముసలాయన, "ఏమప్పా, కోర్టుకా?" అన్నాడు. ఎట్ల తెలిసిందని నాయన అడిగితే, "చెప్పులు కొత్తవి, మొగం పాతది" అన్నాడు. నాయన నవ్వాడు. ఆ రోజుకు అదే నవ్వు.

అప్పీల్లో కొత్త సాక్ష్యం ఊరికే తీసుకోరని వకీలు చెప్పాడు. ముందే ఎందుకు చూపలేదో చెప్పాలి. "గుంత సంగతి అప్పట్లో నీకు తెలీదని రాస్తా. సంతకం పెట్టు."

"తెలీకుండా యాడ పోతుంది సామీ? పూడ్చింది నేనే కదా."

"తెలిసీ దాచినానంటే పిటిషన్ ఈడనే కొట్టేస్తారప్పా! గది పోతాది."

నాయన పెన్ను కింద పెట్టాడు. "తెలీదని రాస్తే, ఆమెను మర్చిపోయినట్టు రాసినట్టే. ఆ సంతకం నేను పెట్టను."

నాకు కోపం వచ్చింది. బతిమాలాను, ఆయన కదల్లేదు. వకీలు విసుక్కుంటూ కాగితం చించి, ఉన్నది ఉన్నట్టు రాసి, గుంత చూడకుండా న్యాయంగా తీర్పు చెప్పడం కుదరదని చివర చేర్చాడు.

వాదన రోజు అవతలి వకీలు, "ఓడిపోయినాకే గుర్తొచ్చిందా గుంత?" అని ఎగతాళి చేశాడు. జడ్జి నేరుగా నాయననే అడిగారు, ముందే ఎందుకు చెప్పలేదని.

"చెప్తే తవ్వుతారని, సార్."

జడ్జి ఆ గది తవ్వించి చూసి రమ్మని కోర్టు తరఫున కమిషనర్‌ను పంపుతూ ఉత్తర్వు ఇచ్చారు.

తవ్విన రోజు నాయన లోపలికి రాలేదు, వీధి అరుగు మీద కూర్చున్నాడు. గడ్డపార చప్పుడు ఆగినప్పుడు మాత్రం తలెత్తి చూశాడు. రాట్నం చట్రం పుచ్చిపోయింది, దారం తిరిగే ఇనుప కదురు మిగిలింది. కేసు తేలేదాకా గుంతను ముట్టుకోవద్దన్నారు. తేలేలోపల నాయన పోయాడు. గది మాదేనన్న తీర్పు నా చేతికి వచ్చింది.

టీ ఇచ్చి, పూడ్చేదేలే గానీ నేను చెప్పినప్పుడు రమ్మన్నాను మేస్త్రిని. గుంతలో పెట్టాల్సిన కదురు ఇంకా నా దగ్గరే ఉంది. ఈ గుంత పూడ్చడానికి నాయనకు ఒక్క పూట పట్టింది. అమ్మ పోయాక ఆ పూట దాకా రావడానికి ఆయనకు ఎంతకాలం పట్టి ఉంటుందో ఇప్పుడు తెలుస్తోంది.