కెమెరా వెనక యూసుఫ్

మధ్యాహ్నం దాటాక సరిహద్దు సైనిక పోస్టుకు చేరాం. పదిహేడు వేల అడుగుల ఎత్తు. వీపున ఉన్న సామాను దించకముందే సుబేదార్ పారలు చేతికిచ్చాడు: "మంచు ఎత్తండి." మెదక్ ఎండల్ని తిట్టుకున్నందుకు నన్ను నేనే తిట్టుకున్నాను.

బంకర్లో నాకు తోడు రేడియో ఆపరేటర్ యూసుఫ్. మా ఊరివాడే. చలికి బ్యాటరీలు చచ్చిపోకుండా చంకలో పెట్టుకుని తిరిగేవాడు. ఆ చలికాలం మా మీద ఫిల్ము తీయడానికి కొందరు వస్తే, వాళ్ల కెమెరా బ్యాటరీలూ అతని చంకకే చేరాయి.

మేము వరుసగా నిలబడి జెండా ఎగరేశాం. "ఏక్ బార్ ఔర్" అన్నాడు కెమెరా ఆయన. దించాం, మళ్లీ ఎగరేశాం. మళ్లీ దించాం. కాళ్లు తిమ్మిరెక్కాయి. నిజం చెప్పాలంటే దేశభక్తి కూడా తిమ్మిరెక్కింది.

"నువ్వు గూడ రారాదు, ఫిల్ముల పడ్తవ్" అని యూసుఫ్‌ను పిలిచాను.

"నేనొస్తె బ్యాటరీ సల్లవడ్తది. మీరు కానియ్యుండ్రి జర."

మరుసటి వారం మంచుచరియ విరిగిపడి యూసుఫ్ పోయాడు. నేను బతికి ఇంటికొచ్చాను. ఎందుకు నేను, ఎందుకు అతను కాదు అని ఆలోచించి ఆలోచించి అలసిపోయాను.

ఈ మధ్య ఆ పాత ఫిల్మును బాగుచేసి మెదక్‌లో ఒక కాలేజీ హాల్లో వేశారు. యూసుఫ్ వాళ్లమ్మ నా పక్కన కూర్చుంది. ఆమె దగ్గరున్నది పాస్‌పోర్టు ఫోటో ఒక్కటే.

"వాడు నడుస్తుంటె ఒక్కసారి సూస్తె చాలు బేటా" అంది.

తెర మీద మేమంతా కనిపించాం. "వీరే మన దేశం" అంది వ్యాఖ్యానం గొంతు పెంచి. ఆమె నా చెయ్యి పట్టుకుంది.

"నా కొడుకేడున్నడు?"

అప్పుడు చూశాను. కెమెరా వెనక ఎండ. ముందు మంచు మీద స్టాండు నీడ, దాని పక్కన చేతులు చంకల్లో దోపుకున్న మనిషి నీడ.

"గా నీడ మనోడే చాచీ."

ఆ ముక్క మళ్లీ వేయమని బతిమాలాను. వేశారు. ఆమె లేచి తెర దాకా నడిచి, నీడ మీద అరచెయ్యి ఆనించింది. జెండా ఆమె వీపు మీద పడి కదులుతోంది.

వెనక నుంచి ఎవరో అరిచారు: "పక్కకు జరుగుండ్రమ్మా, జెండా కనవడ్తలేదు!"

ఆమె జరగలేదు. నేనూ జరగమని చెప్పలేదు.