విన్నవాళ్ళకే మైల

మా ఆయనకి పామర్రులో ఎరువులు, పురుగుమందుల దుకాణం. బాగా అమ్మిన డీలర్లని కంపెనీవాళ్ళు అప్పుడప్పుడూ విదేశాలు తిప్పుతారు. ఆ ఏడు జపాన్ అన్నారు. వారం రోజులు గుళ్ళూ, తోటలూ, అక్కడివాళ్ళ టీ మర్యాదలూ చూపిస్తారట. ఇంటికి రెండు టిక్కెట్లు. తీరా చూస్తే అది జూన్ నెల, కాలువలకి నీళ్ళొదిలే రోజులు. ఆ రోజుల్లో దుకాణం వదిలి పొలిమేర దాటే ఎరువుల వ్యాపారి మా కృష్ణా జిల్లాలో ఇంకా పుట్టలేదు. "నువ్వూ అమ్మా వెళ్ళిరండి" అన్నాడాయన, ఆస్తి రాసిచ్చినంత ఉదారంగా. అత్తాకోడళ్ళకి వారంపాటు ఒకటే గది, ఒకటే బాత్‌రూమ్, బస్సులో పక్కపక్క సీట్లు. ఇంత ఆలోచించి శిక్ష వేయడం కోర్టులకి కూడా చేతకాదు.

అత్తయ్య మొదట రానంది. ఆవిడకి ఒక్కడే తమ్ముడు. వాళ్ళమ్మ పొలం పనికి పోతే చంకనేసుకుని తిప్పిన తమ్ముడు. అప్పటికి విజయవాడలో ఆసుపత్రిలో ఉన్నాడు, ఊపిరితిత్తుల జబ్బుతో. బయల్దేరే ముందురోజు చూడబోతే ఆయనే గొడవపెట్టాడు. "కంపెనీవాడి ఖర్చుతో జపాన్ చూసే యోగం మళ్ళీ వచ్చిద్దా అక్కా? పోయిరా. నేనెక్కడికి పోతాను?" అన్నాడు, ఆక్సిజన్ మాస్కు పక్కకి జరుపుకుని. నాకూ ఆయనంటే ఇష్టం. మా అత్తాకోడళ్ళ యుద్ధాల్లో ఏ ఒక్కరోజూ అక్క పక్షం మాట్లాడని మనిషి.

అలా విజయవాడ బెంజ్ సర్కిల్ దగ్గర కంపెనీ బస్సెక్కి, రెండు విమానాలు మారి వెళ్ళాం. మా బ్యాచ్ అంతా మన చుట్టుపక్కలవాళ్ళే, డీలర్లూ వాళ్ళ భార్యలూ. అందరి పెట్టెల్లోనూ గోంగూర పచ్చడి.

మూడోరోజు పొద్దున, క్యోటోలో, అత్తయ్య స్నానానికి వెళ్ళినప్పుడు మా ఆయన ఫోన్ చేశాడు.

"మావయ్య పోయాడు. తెల్లారగట్ట" అన్నాడు. నేను బాత్‌రూమ్ తలుపు వైపు చూశాను.

"అమ్మకి చెప్పకు."

"చెప్పకుండా ఎట్టా అండీ?"

"చెప్తే అక్కడ ఏం చేసిద్ది? గ్రూపు టిక్కెట్లు, ముందు రాటానికి లేదు. బీపీ మనిషి. వచ్చాక నేనే నిమ్మళంగా చెప్తా. తన ఫోన్లో నెట్ ఆపేయ్. అయినా తెలిసేదాకా మైల లేదని తనే అంటదిగా."

నిజమే, అది ఆవిడ శాస్త్రమే. ఒక శ్రావణ శుక్రవారం దాయాదుల్లో ఎవరో పోయారని కబురు తెచ్చిన మనిషిని గుమ్మం అవతలే నిలబెట్టి, "పూజయ్యేదాకా నోరిప్పకు" అని, వాయనాలిచ్చి, ముత్తయిదువల్ని సాగనంపి, అప్పుడు "ఇప్పుడు చెప్పు" అని విని తలకి పోసుకున్న మనిషి. విన్నవాళ్ళకే మైల, విననివాళ్ళకి లేదు. ఆ లెక్కన ఆ గదిలో నాకు మైల, చచ్చిపోయినాయన సొంత అక్కకి లేదు. ఆవిడ ఫోన్లో నెట్ ఆపేశాను. బాత్‌రూమ్‌లోంచి ఆవిడ, "అమ్మాయ్, ఇందులో ఏ మీట నొక్కితే వేణ్ణీళ్ళొస్తాయే?" అని కేకేస్తోంది.

ఆ పొద్దుటి ప్రయాణం ఎర్ర గేట్ల గుడికి. వాన చినుకులు పడుతున్నాయి. కొండమీదికంటా ఒకదాని వెనక ఒకటి ఎర్రరంగు గేట్లు, వాటి ముందు రాతి నక్కలు. "నక్క తోక తొక్కొచ్చాడంటాం, వీళ్ళేకంగా నక్కనే వాకిట్లో కూర్చోబెట్టారే" అని అత్తయ్య నవ్వింది. ఫోన్ తీసి నొక్కి చూసుకుంది. "నెట్ రావట్లేదేంటి? తమ్ముడికి చూపిద్దామనుకుంటే."

"ఇక్కడ సిగ్నల్ ఉండదంట అత్తయ్యా" అన్నాను. మా గైడు జపాన్ ఆవిడ, నా వయసే ఉంటుంది, నిదానంగా ఇంగ్లిషు మాట్లాడుతుంది. నేను బళ్ళో ఇంగ్లిషు చెప్తాను కాబట్టి అత్తయ్యకి ప్రతి మాటా తెలుగులో చెప్పే ఉద్యోగం నాదే. మొదటి గేటు ముందు ఆగి గైడు చెప్పింది, ఇంట్లో ఎవరైనా పోతే కొన్నాళ్ళు మావాళ్ళు ఈ గేటు కింద నుంచి వెళ్ళరు అని.

"ఏమంటది?" అంది అత్తయ్య.

అబద్ధం చెప్పొచ్చు. గేటుకి ఏటా రంగేస్తారట అని చెప్పినా ఆవిడకి తెలియదు. కానీ అప్పటికప్పుడు నోటికేమీ తోచక ఉన్నదే చెప్పాను. ఆవిడ మొహం వెలిగిపోయింది. "చూశావా! మన మైలేనే! నువ్వు ఊరికే చాదస్తం చాదస్తం అంటావు గానీ, ఇంత పెద్ద దేశం వాళ్ళు కూడా పాటిస్తన్నారు."

నాకు మైల మీద నమ్మకం లేదు. ఈ విషయం మీదే ఆవిడతో ఎన్నోసార్లు వాదించాను. కానీ ఆ గేటు ముందు నా కాళ్ళు ఆగిపోయాయి. "మోకాలు పట్టేసింది అత్తయ్యా, మీరెళ్ళి రండి" అన్నాను.

"నా మోకాళ్ళకంటేనా? పద" అని చెయ్యి పట్టుకుని లాక్కుపోయింది. ఆగితే ఎందుకని అడుగుతుంది, వెళితే ఆవిడ నమ్మే దేవుడికి ఆవిడ చేతే అపచారం చేయిస్తున్నాను. ఎటూ పోలేక వెళ్ళాను. చేతులు కడుక్కునే తొట్టి దగ్గర ఆవిడ దోసిలి పట్టి నీళ్ళు తీర్థంలా తాగేసి, మిగిలింది నెత్తిన చల్లుకుంది. గైడు వారించబోయి ఊరుకుంది. తరవాత గుడి కొట్లో ఆరోగ్యం బాగవ్వాలని కట్టుకునే చిన్న పట్టుసంచి కొంది. "తమ్ముడికి" అని నా చేతికిచ్చింది. తీసుకున్నాను. ఆ తరవాత కంపెనీ బ్యానర్ పట్టుకుని గ్రూప్ ఫోటో. "నవ్వండి మేడమ్" అంటే నవ్వాను కూడా. మా ఆయన మీద నాకు ఆ పూట పుట్టిన కోపం ఇంతా అంతా కాదు.

మధ్యాహ్నం భోజనాల దగ్గరికి వచ్చేసరికి బస్సంతటికీ తెలిసిపోయింది. మన డెల్టాలో కాలువ నీళ్ళైనా ఆలస్యంగా వస్తాయి గానీ చావు కబురు ఆగదు. చేపల మేత అమ్మే డీలరుగారి భార్య, కైకలూరు ఆవిడ, చేతులు కడుక్కునే చోట నన్ను పట్టుకుంది.

"మా ఆడపడుచుది పామర్రేనండి. ఇప్పుడే మెసేజ్ పెట్టింది. పెద్దావిడకి చెప్పలేదంటగా? మంచి పని చేశారు వదినగారూ." ఆగి, గొంతు ఇంకా తగ్గించింది. "ఆవిడకి తెలీదు గాబట్టి ఫర్లేదండి. మీకు తెల్సుగా, మీరు గుళ్ళోకి రాకుండా ఉంటే బాగుండేదేమో."

నాకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. అక్కడి నుంచి అందరూ అత్తయ్యకి సేవలు మొదలుపెట్టారు. ఒకాయన గొడుగు పట్టాడు, ఒకావిడ తన పులిహోర ఇచ్చింది, ముందు సీటు ఖాళీ చేసి కూర్చోబెట్టారు. "మనవాళ్ళు ఎంత మర్యాదస్తులో చూడు" అని ఆవిడ మురిసిపోతుంటే, ఆ ముప్ఫైమంది జాలి చూపుల మధ్య నాకు ఊపిరాడలేదు. బస్సు అద్దాలు తెరుచుకునేవి కావు.

టీ గుడిసె ఉన్న తోటకి చేరబోతుండగా కైకలూరు ఆవిడ వెనక సీట్లోంచి వంగి, నా చెవిలో అంది. "రెండింటికి తీసేస్తారంటండీ."

అప్పటిదాకా నేను ఆలోచించనే లేదు. చెప్పటం, చెప్పకపోవటం అనే గొడవలో పడి, శవం ఇంకా ఇంట్లోనే ఉందన్న సంగతి మర్చిపోయాను. మన రెండు గంటలంటే ఇక్కడ అయిదున్నర. ఇప్పుడు నాలుగు దాటుతోంది. ఇప్పుడు చెప్తే ఫోన్లోనైనా తమ్ముడి మొహం చూసుకుంటుంది. ఊరెళ్ళాక చెప్తే గోడ మీద దండేసిన ఫోటో. మనవాళ్ళలో కడచూపు దక్కకపోతే ఆ మాట జన్మంతా చెప్పుకుని ఏడుస్తారు. మా ఆయనకి అది తెలియదా? తెలుసు. తల్లి ఏడుపు దూరం నుంచి వినటానికి భయం, అంతే.

"అత్తయ్యా, ఒకసారి పక్కకి రండి, మాట్లాడాలి" అన్నాను బస్సు దిగుతూనే. గైడు అప్పటికే మమ్మల్ని ఎనిమిదిమంది చొప్పున విడదీసి, మొదటి జట్టులో మా ఇద్దర్నీ ముందు నిలబెట్టింది. ఫోన్లన్నీ బయట బుట్టలో పెట్టాలట. "ఏదైనా తరవాత చెప్దువులే, వాళ్ళు కనిపెట్టుకునున్నారు" అని అత్తయ్య నన్ను ముందుకి నెట్టింది.

ఆ టీ గుడిసెకి తలుపు లేదు, నడుమెత్తు కూడా లేని చిన్న కంత ఉంది. ఎంతటివాడైనా వంగి, మోకాళ్ళమీద పాకి వెళ్ళాలట. లోపల చాపలు, ఒక మూల కుంపటి మీద కాగే నీళ్ళు. పెద్దవాళ్ళకి చిన్న పీట ఇచ్చారు, మిగతావాళ్ళం కాళ్ళు మడిచి కూర్చున్నాం. టీ చేసే ముసలావిడ ఒక్క మాట మాట్లాడకుండా గుడ్డ మడిచింది, విప్పింది, మళ్ళీ మడిచింది. చెంచా తుడిచింది. గిన్నె తిప్పి చూసింది. ఇంకోరోజైతే ఆ చేతుల పొందిక చూసి నేనూ ముచ్చటపడేదాన్నే. ఆ రోజు మాత్రం ఆ గుడ్డ లాక్కుని అవతల పారేయాలనిపించింది. మధ్యలో లేవకూడదు, మాట్లాడకూడదు. కాళ్ళు తిమ్మిరెక్కి, తరవాత స్పర్శ కూడా పోయింది. ఆ కంతవైపే చూస్తూ కూర్చున్నాను.

ముందు తియ్యటి బిళ్ళ ఒకటి పెట్టారు. తరవాత పచ్చటి నురుగుతో గిన్నె నా ముందుకొచ్చింది. గైడు గుసగుసగా చెప్పింది, తాగేముందు పక్కవాళ్ళ వైపు వంగి, మీకంటే ముందు తీసుకుంటున్నాను, ఏమీ అనుకోకండి అనాలట. అత్తయ్యకి ఆ మాట చెప్పి, ఆవిడకి వంగి దణ్ణం పెట్టాను.

ఆవిడకి ఆ పద్ధతి ఎంతో నచ్చింది. "మా తమ్ముడికి నేర్పాలే ఇది. కాఫీ గ్లాసు వాడి చేతికి పోకుండా నాకొచ్చిందేనాడు? వెళ్ళగానే చెప్పాలి" అంది, అందరికీ వినపడేట్టు. గిన్నె నోటి దగ్గర పెట్టుకున్నదాన్ని దింపేశాను. కైకలూరు ఆవిడ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. మిగతా వాళ్ళందరూ చాపకేసి చూస్తున్నారు. అత్తయ్య ఒక్కొక్కరి మొహమే చూసుకుంటూ వచ్చి, చివరికి నా దగ్గర ఆగింది.

"ఏంటే?"

"మావయ్యగారు పోయారు అత్తయ్యా" అన్నాను.

ఆ గదిలో మాట్లాడకూడదన్న సంగతి నాకు గుర్తులేదు. ఆవిడ పీట మీద నుంచి జారి, మోకాళ్ళ నొప్పి మాటే లేకుండా పాక్కుంటూ ఆ కంతలోంచి బయటికి పోయింది. నా కాళ్ళు నిలబడటానికి సహకరించలేదు, నేనూ పాకుతూనే వెళ్ళాను. బుట్టలోంచి నా ఫోన్ తీసి ఆవిడ మేనల్లుడికి వీడియో కలిపాను. వానలో, తోటలో ఒక రాయి మీద కూర్చుని ఆవిడ ఫోన్ రెండు చేతులా పట్టుకుంది. అవతల డప్పులు వినిపిస్తున్నాయి. అప్పటికే పాడె మీద పడుకోబెట్టారు. ఎవరో మొహం మీది పూలు తొలగించారు.

"తమ్ముడూ" అంది. "నేను, అక్కని." రెండు నిమిషాలు ఉందేమో ఆ మొహం. తరవాత ఎవరో లేపండి అన్నారు, ఫోన్లో ఆకాశం, ఎవరివో చెప్పులు, కొబ్బరాకులు కనిపించాయి, ఆగిపోయింది.

కడచూపు దక్కించానని నేను లోలోపల కాస్త తేలికపడ్డాను. అబద్ధమెందుకు, ఒక మెచ్చుకోలు మాట కోసం కూడా చూశాను.

"పొద్దున్నే తెల్సా నీకు?" అంది ఆవిడ, నావైపు చూడకుండా.

"తెల్సు అత్తయ్యా. ఆయనే చెప్పొద్దన్నారు."

"పొద్దున్నే చెప్పుంటే, ఈ ఫోన్లోనే పొద్దస్తమానం వాడి పక్కన కూర్చునేదాన్ని గదే. వాణ్ణి వదిలేసి నక్కలకి దణ్ణాలు పెట్టించావు నాచేత."

గుళ్ళు తిరగటం, మైల, బీపీ, టిక్కెట్లు, కడచూపు, అన్నీ లెక్క వేశాం నేనూ మా ఆయనా. ఆవిడ ఆ రోజంతా తమ్ముడి దగ్గర కూర్చోవచ్చన్న సంగతి ఒక్కరికీ తోచలేదు.

గైడు వచ్చి బస్సు సిద్ధమంది. నేను చెయ్యి అందిస్తే ఆవిడ పట్టుకోలేదు. తనంతట తనే లేచి, మెట్లెక్కి, ముందు సీట్లో కూర్చుని, పక్కనున్న నా సీట్లో హ్యాండ్‌బ్యాగ్ పెట్టుకుంది. నేను వెనక సీట్లో కూర్చున్నాను. అక్కడి నుంచి ఆవిడ ముడి, భుజాలు మాత్రమే కనిపిస్తున్నాయి. బస్సు కదిలాక ఆ భుజాలు కదలటం మొదలైంది. టూరు ఇంకా నాలుగు రోజులుంది.